ఫైలు పేరు, సినిమా వేలిముద్ర

దొంగ కాపీల లోకంలో ఒక సినిమా ఫైలు పేరు ఇలా ఉంటుంది:

"ఫలానా.సినిమా.2023.తెలుగు.1080పీ.వెబ్-డీఎల్.డీడీ5.1.ఎక్స్264-ముఠా"

అసలు పేరు ఇంగ్లిషు అక్షరాల్లో ఉంటుంది. చదువుకోవడానికి వీలుగా ఇక్కడ తెలుగు లిపిలోకి మార్చాను. కొత్తవాళ్లకు ఇదంతా అర్థంపర్థం లేని అక్షరాల గొలుసు. అలవాటున్నవాళ్లు మాత్రం ఫైలు తెరవకముందే దీంట్లోంచి ఎనిమిది సంగతులు రాబడతారు. ఏ సినిమా, ఏ సంవత్సరం, ఏ భాష, బొమ్మలో ఎన్ని వరసల చుక్కలున్నాయి, ఎక్కణ్ణుంచి ఎత్తుకొచ్చారు, శబ్దం ఎన్ని స్పీకర్లకు సరిపోతుంది, ఏ పద్ధతిలో కుదించారు, ఆ పని చేసిందెవరు. ఉప్పల్ వైపు వచ్చే సిటీ బస్సు బోర్డు చూసి, ఎక్కాలో వద్దో రోడ్డు మీదే తేల్చుకుంటాం కదా, ఇదీ అలాంటి బోర్డే.

చట్టాన్ని లెక్కచేయనివాళ్లు పేర్లు పెట్టడంలో ఇంత కట్టుబాటు ఎందుకు పాటిస్తారు? ఈ ప్రశ్నకు జవాబు వెతుక్కుంటూ వెళితే కంప్యూటర్ శాస్త్రంలో ఒక మౌలికమైన విషయం దగ్గరకు చేరతాం. ఒక వస్తువును గుర్తుపట్టడానికి రెండే దారులున్నాయి: దాని మీద రాసిన పేరు, దాని లోపలి పదార్థం. ఈ రెండూ ఒకటి కావు, ఒకదాని పని ఇంకొకటి చెయ్యలేదు.

ఈ చర్చకు హైదరాబాదు తూర్పు అంచు తగిన చోటు. నాచారంలో ఎన్.టి. రామారావు కట్టించిన రామకృష్ణ స్టూడియో ఉంది. హబ్సిగూడ నుంచి ఉప్పల్ వెళ్లే రోడ్డు మీద జీవశాస్త్ర పరిశోధన సంస్థ సీసీఎంబీ ఉంది, మన దేశంలో డీఎన్‌ఏ వేలిముద్రల విద్య మొదలైంది అక్కడే. ఆ విద్య కోసమే పుట్టిన మరో సంస్థ సీడీఎఫ్‌డీ ఒకప్పుడు నాచారంలో ఉండేది, ఇప్పుడు ఉప్పల్‌లో ఉంది. ఒక పక్క సినిమాలు తీసిన నేల, ఇంకో పక్క ఏ పదార్థం ఎవరిదో తేల్చే శాస్త్రం. మధ్య దూరం కొద్ది కిలోమీటర్లే.

డిస్కు చెప్పని పేరు

ముందు వీసీడీల రోజులకు వెళదాం. 1993లో వీడియో సీడీకి ఒక ప్రమాణం కుదిరింది. బొమ్మ అడ్డంగా 352 చుక్కలు, నిలువుగా 288 చుక్కలు. ఒక డిస్కులో 74 నిమిషాలు పడతాయి. రెండున్నర గంటల తెలుగు సినిమాకు రెండు మూడు డిస్కులు కావాలి. ఆ డిస్కును కంప్యూటర్‌లో పెట్టి చూస్తే లోపల "ఎంపీఈజీఏవీ" అనే ఫోల్డరు, అందులో "ఏవీఎస్‌ఈక్యూ01.డీఏటీ" అనే ఫైలు కనిపించేవి. పౌరాణికమైనా, ఫ్యాక్షన్ సినిమా అయినా, మొదటి సీడీ అయినా రెండోదైనా అదే పేరు. మొదటి డిస్కు ఫైలును కంప్యూటర్‌లోకి దించి, రెండోది కూడా అదే చోటికి దించితే మొదటిది చెరిగిపోయే ప్రమాదం. తర్వాత వచ్చిన డీవీడీలదీ ఇదే తీరు. ప్రతి డిస్కులోనూ "వీటీఎస్_01_1.వీఓబీ" వంటి పేర్లే.

డిస్కు తయారుచేసినవాళ్ల తప్పేమీ లేదు. అట్ట మీద పోస్టరు ఉంటుంది, డిస్కు మీద సినిమా పేరు ఉంటుంది, ప్లేయరుకు ఆ పేరుతో పనిలేదు. ఫైలు డిస్కు నుంచి విడిపోగానే చిక్కంతా మొదలైంది. పోస్టరు లేదు, అట్ట లేదు, ఇచ్చినవాడి ముఖం కూడా కనిపించదు. అట్ట మీద ఉండాల్సిన సమాచారమంతా పేరులోకి చేరాల్సి వచ్చింది. దొంగ కాపీల పేర్లు అంత పొడుగ్గా ఉండటానికి మొదటి కారణం ఇదే.

చుక్కలు పెట్టడానికీ కారణముంది. పాత డాస్ కంప్యూటర్లలో ఫైలు పేరుకు ఎనిమిది అక్షరాలు, చివర మూడక్షరాల తోక, అంతే. విండోస్ 95తో పొడుగు పేర్లు సాధ్యమయ్యాయి. కానీ ఫైళ్లు చేతులు మారిన సర్వర్లలో చాలావాటికి ఖాళీ జాగా అంటే పడేది కాదు. టైపు చేసి ఆజ్ఞలిచ్చే పద్ధతిలో ఖాళీ జాగా కనిపిస్తే అక్కడితో ఒక మాట అయిపోయిందని యంత్రం అనుకుంటుంది. "పాత సినిమా" అని రాస్తే "పాత", "సినిమా" అనే రెండు ఫైళ్లు అడుగుతున్నారని అర్థం చేసుకుంటుంది. అందుకని దొంగ కాపీలు చేసే ముఠాలు ఇంగ్లిషు అక్షరాలు, అంకెలు, చుక్క, అడ్డగీత, కిందిగీత తప్ప ఇంకేదీ వాడకూడదని నియమం పెట్టుకున్నాయి. ఆ సర్వర్లు పోయి ఏళ్లయినా చుక్కలు పోలేదు.

తెలుగు సినిమా ఫైలు పేరులో తెలుగు అక్షరం ఉండకపోవడానికి కూడా ఇదే మూలం. ఇప్పటి యంత్రాలు తెలుగు పేర్లను చక్కగా తీసుకుంటాయి. అయినా ఒక లెక్క చూడండి. లినక్స్‌లో ఫైలు పేరుకు 255 బైట్ల హద్దు. ఇంగ్లిషు అక్షరానికి ఒక బైటు, యూటీఎఫ్-8 పద్ధతిలో తెలుగు అక్షరానికి మూడు. పైగా మనకు ఒక్క అక్షరంగా కనిపించేది యంత్రానికి ఒక్కటి కాదు. "స్త్రీ" అన్నది స, పొల్లు, త, పొల్లు, ర, గుడిదీర్ఘం కలిసి ఆరు సంకేతాలు, మొత్తం 18 బైట్లు. మనం ఒకే అక్షరం అనుకున్నది ఇంగ్లిషు పేరులో పద్దెనిమిది అక్షరాల జాగా తినేస్తుంది.

ఇంగ్లిషు అక్షరాల్లోకి మారగానే ఇంకో తలనొప్పి. "త" రాయడానికి ఒకరు టీ ఒక్కటే వాడతారు, మనవాళ్లలో చాలామంది టీ పక్కన హెచ్ చేరుస్తారు. దీర్ఘానికి కొందరు రెండు ఏలు రాస్తారు, కొందరు ఒకటే. సంఖ్యాశాస్త్రం మీద నమ్మకంతో టైటిల్లో అదనంగా అక్షరం చేర్చే నిర్మాతలూ ఉన్నారు. ఒకే సినిమాకు నాలుగైదు వర్ణక్రమాలు ఏర్పడతాయి. పేరు పక్కన సంవత్సరం రాసే అలవాటు ఇక్కడ అక్కరకొస్తుంది. మన దగ్గర ఒకే టైటిల్ మళ్లీ మళ్లీ పెట్టుకోవడం మామూలే కనుక, ఏది పాతది ఏది కొత్తదో తేల్చేది ఆ నాలుగంకెలే.

దొంగ ఎక్కడ దూరాడో చెప్పే మాట

పేరులో నాకు అన్నిటికన్నా విలువైనదిగా కనిపించే భాగం, కాపీ ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్పే మాట. మనవాళ్లు దీన్ని "ఏ ప్రింటు?" అని ఒక్క ముక్కలో అడుగుతారు. థియేటర్ ప్రింటా, హెచ్‌డీ ప్రింటా అని. పేర్లలో దీనికి కచ్చితమైన మెట్లున్నాయి. "క్యామ్" అంటే హాల్లో కూర్చుని కెమెరాతో, ఇప్పుడైతే ఫోనుతో, తెర మీది బొమ్మ పట్టింది. "టీఎస్" అంటే బొమ్మ అలాగే పట్టినా, శబ్దాన్ని విడిగా తీగ ద్వారా తెచ్చి అతికించింది. "డీవీడీ స్క్రీనర్" అంటే సమీక్షకో పురస్కారాల పరిశీలనకో ఇచ్చిన డిస్కు నుంచి బయటపడ్డది. "ప్రీ-డీవీడీ" అన్నది మన దేశపు ఫైళ్లలో ఎక్కువగా కనిపించే మాట. హాల్లో తీసినదాన్నే కాస్త మెరుగుపరచి ఆ పేరు తగిలిస్తారు. "వెబ్-డీఎల్" అంటే ఓటీటీ సంస్థ పంపిన ఫైలునే ఉన్నదున్నట్టు దించింది. "వెబ్-రిప్" అంటే అదే ఓటీటీ బొమ్మను మళ్లీ చిత్రీకరించి మళ్లీ కుదించింది.

ఈ మాటలు చూసేవాడికి నాణ్యత చెప్పడానికి పుట్టాయి. అయితే కుదురుగా ఆలోచిస్తే అవి నేరం జరిగిన చోటును కూడా చెబుతున్నాయి. క్యామ్ అంటే థియేటర్లో, స్క్రీనర్ అంటే నమ్మి ఇచ్చిన చేతుల్లో, వెబ్-డీఎల్ అంటే ఓటీటీ తాళంలో కన్నం పడింది. 2013 సెప్టెంబరులో "అత్తారింటికి దారేది" విడుదల కాకముందే దాదాపు గంటన్నర నిడివి బయటికొచ్చేసింది. థియేటర్‌కే వెళ్లని సినిమా థియేటర్ నుంచి పోయే వీల్లేదు కదా. అనుమానమంతా సినిమా మీద పనిచేసినవాళ్ల వైపు తిరిగింది. కృష్ణా జిల్లా పెడన దాకా వెళ్లిన సీడీల జాడ పట్టుకుని పోలీసులు మూలానికి చేరారు. నిర్మాతలు విడుదల తేదీని ముందుకు జరిపి సెప్టెంబరు 27నే సినిమాను థియేటర్లలోకి తెచ్చారు.

దొంగతనం పద్ధతులు ఇప్పుడు ఇంకా ముదిరాయి. 2025 సెప్టెంబరులో హైదరాబాద్ సైబర్ క్రైమ్ పోలీసులు పట్టుకున్న ముఠాలు హాళ్లలో ఫోన్లతో పట్టడంతో ఆగలేదు, థియేటర్లకు సినిమా పంపే సర్వర్లలోకే చొరబడ్డాయని పోలీసులు చెప్పారు. అదే ఏడాది నవంబరులో పైరసీ సైటు ఐబొమ్మ నిర్వాహకుడిని కూకట్‌పల్లిలో అరెస్టు చేశారు. అతని హార్డ్ డిస్కుల్లో 21 వేలకు పైగా సినిమాలు దొరికాయని ప్రకటించారు. అన్ని వేల ఫైళ్లలో కావాల్సినది దొరకాలంటే పేర్లకు ఒక క్రమం ఉండి తీరాలి. ఈ మనుషుల మీద నాకే గౌరవమూ లేదు. నాచారంలో సెట్టు వేసే వడ్రంగి నుంచి ఎడిటింగ్ గదిలో రాత్రంతా కూర్చునే కుర్రాడి దాకా అందరి కూలీలోంచీ వీళ్లు దోచుకుంటున్నారు. వాళ్లు వాడే పద్ధతిలోని శాస్త్రం మాత్రం మనకు తెలిసి ఉండాలి.

పేరులో "700ఎంబీ" అని కూడా తరచు కనిపిస్తుంది. అది 80 నిమిషాల సీడీ కొలత. సినిమా ఒక సీడీలో పట్టాలని పెట్టుకున్న హద్దు, సీడీలు మాయమయ్యాక కూడా నిలిచిపోయింది. సెల్‌ఫోన్ దుకాణాల్లో మెమొరీ కార్డులోకి సినిమాలు ఎక్కించి ఇచ్చిన కాలంలో, తర్వాత 2016లో జియో వచ్చి రోజుకింత డేటా అని లెక్క మొదలైన కాలంలో, ఆ పరిమాణమే జనానికి అనుకూలంగా ఉండిపోయింది. రెండున్నర గంటలంటే 9,000 సెకన్లు. 700 మెగాబైట్లంటే 5,600 మెగాబిట్లు. సెకనుకు దాదాపు 0.6 మెగాబిట్లు వస్తాయి. డిజిటల్ సినిమా ప్రమాణం ప్రకారం థియేటర్‌లో బొమ్మకు సెకనుకు 250 మెగాబిట్ల దాకా అనుమతి ఉంది. అంటే ఛాయాగ్రాహకుడు పట్టిన వెలుగునీడల్లో నాలుగు వందల్లో ఒక వంతు సమాచారంతో ఇంటికొచ్చిన సినిమా అది. కుదింపు విద్య ఎంత గొప్పదైనా అంత నష్టాన్ని పూడ్చలేదు.

అబద్ధమాడే పేర్లు

ఎవరైనా ఏ పేరైనా పెట్టొచ్చు. పేరు గొప్ప, ఊరు దిబ్బ అన్నట్టు, "1080పీ" అని రాసిన ఫైలు తెరిస్తే మసకమసకగా థియేటర్ ప్రింటు బయటపడొచ్చు. దించుకున్నాక గానీ సరుకు తెలియదు. కొనేవాడికి సరుకు నాణ్యత ముందుగా తెలియని సంతలో మంచి సరుకు కూడా నిలవదని ఆర్థికవేత్త జార్జ్ అకెర్లాఫ్ 1970లో నిరూపించాడు. ఆయన ఉదాహరణ పాత కార్ల బజారు. దొంగ ఫైళ్ల సంత అంతకన్నా ఘోరం, ఎందుకంటే అక్కడ మోసపోయినవాడు వెళ్లి ఫిర్యాదు చేయడానికి పోలీస్ స్టేషన్ లేదు, వినియోగదారుల ఫోరం లేదు.

అందుకే కట్టుబాటు. పేరు చివర అడ్డగీత పెట్టి ముఠా తన గుర్తు వేసుకుంటుంది. అసలు మనిషి పేరు దాచుకుంటూనే పరువు మాత్రం పెంచుకోవడం దీని ఉద్దేశం. పేరుకూ సరుకుకూ పొంతన లేకపోతే ఆ విడుదలను ఆ లోకంలోనివాళ్లే "న్యూక్" చేశామని ప్రకటిస్తారు, అంటే వెలివేస్తారు. ఒకరు చేసినదాంట్లో లోపముంటే ఇంకొకరు సరిచేసి "ప్రాపర్" అనే మాట చేర్చి వదులుతారు. తమ తప్పును తామే దిద్దుకుంటే "రీప్యాక్" అంటారు. పేజీలకొద్దీ రాతపూర్వక నియమావళులు వాళ్లకున్నాయి. నమ్మకాన్ని నిలబెట్టే వ్యవస్థ బయట ఏదీ లేనప్పుడు, నమ్మకమంతా పేరు మీదే ఆధారపడుతుంది.

పేరు చివరి తోక విషయంలో మాత్రం పాఠకులు ప్రాణం పెట్టి గుర్తుంచుకోవాల్సిన సంగతి ఉంది. ".ఎంపీ4" అన్న తోక కూడా రాసినవాడి మాటే తప్ప సాక్ష్యం కాదు. ఫైలు నిజంగా ఏమిటో చెప్పేవి దాని మొదటి బైట్లు. విండోస్‌లో నడిచే ఈఎక్స్ఈ ప్రోగ్రాం ఏదైనా "ఎం", "జెడ్" అనే రెండక్షరాలతో మొదలవుతుంది. విండోస్ మామూలుగా తెలిసిన తోకలను దాచేస్తుంది కాబట్టి, "సినిమా.ఎంపీ4.ఈఎక్స్ఈ" అని పేరున్న వైరస్ మీకు "సినిమా.ఎంపీ4" అనే కనిపిస్తుంది. ఫోన్లలో ఇదే మోసం ఏపీకే ఫైళ్ల రూపంలో జరుగుతోంది. కొత్త సినిమా ఉచితమని వాట్సాప్‌లో ఏపీకే వస్తే, అది సినిమా కాదు, మీ ఫోనులోకి చొరబడాలని చూసే ప్రోగ్రాం. దాన్ని నొక్కకండి.

పేరును నమ్ముకుని కాపలా కాయడం ఎంత వృథానో 2001లో ప్రపంచానికి తెలిసింది. పాటలు పంచుకునే నాప్‌స్టర్ మీద అమెరికా కోర్టు ఆంక్ష పెట్టింది. సంగీత కంపెనీలు ఇచ్చిన జాబితాలోని పాటలు దొరకకుండా చేయమంది. నాప్‌స్టర్ ఫైలు పేర్లను బట్టి వడగట్టడం మొదలుపెట్టింది. వాడకందార్లు వెంటనే ఒక అక్షరం తీసేసి, ఒకటి కలిపి, పేరును తిరగేసి పెట్టుకున్నారు. పాట అదే, పేరు వేరు. జల్లెడ పనికిరాకుండా పోయింది. అదే ఏడాది జులైలో నాప్‌స్టర్ మూతపడింది.

లోపలి ముద్ర

పేరుతో పనిలేకుండా పదార్థాన్నే గుర్తుపట్టడానికి గణితం ఇచ్చిన సాధనం హ్యాష్. ఫైలులోని ప్రతి బిట్టునూ ఒక లెక్కలోంచి నడిపిస్తే చివరకు ఒక పొట్టి సంఖ్య వస్తుంది. 1995లో వచ్చిన షా-1 పద్ధతిలో ఫైలు ఎంత పెద్దదైనా ఆ సంఖ్య 160 బిట్లే. పేరు ఎన్నిసార్లు మార్చినా సంఖ్య మారదు. లోపల ఒక్క బిట్టు మారితే మాత్రం సంఖ్యలో దాదాపు సగం బిట్లు తారుమారవుతాయి. 2001లో బ్రామ్ కోహెన్ తయారుచేసిన బిట్‌టోరెంట్ ఈ గుణం మీదే నిలబడింది. ఫైలును ముక్కలు చేసి, ఒక్కో ముక్క హ్యాష్‌ను ముందే రాసిపెడతారు. ముక్కలు ఎవరో తెలియని వందమంది దగ్గర్నుంచి వచ్చినా, ఒక్కొక్కదాన్నీ లెక్కగట్టి, పొసగనిదాన్ని పారేయొచ్చు.

ఇక్కడ చాలామంది పొరబడతారు. హ్యాష్ సరిపోయింది కాబట్టి ఫైలు నిజమైనదే అనుకుంటారు. హ్యాష్ చెప్పేది ఒక్కటే, వాళ్లు పెట్టినదీ మీకు చేరినదీ ఒకటేనని. వాళ్లు పెట్టింది చెత్త అయితే ఆ చెత్తే ఒక్క బిట్టు కూడా పొల్లుపోకుండా మీకు చేరుతుంది. లోపల ఉన్నది ఫలానా సినిమా అన్న మాటకు హ్యాష్ పూచీ పడదు. ఆ మాట చెప్పాల్సింది పేరే, ఆ పేరు రాసిన మనిషే.

ఇంకో పరిమితి కూడా ఉంది. సినిమాను మళ్లీ కుదించినా, అంచు కత్తిరించినా హ్యాష్ పూర్తిగా వేరైపోతుంది, చూసే మన కంటికి మాత్రం అది అదే సినిమా. అందుకే యూట్యూబ్ 2007లో తెచ్చిన కంటెంట్ ఐడీ వంటి వ్యవస్థలు బిట్లను పోల్చవు, బొమ్మలోనూ శబ్దంలోనూ నిలిచి ఉండే లక్షణాలను పోలుస్తాయి. కుదించినా చెదరని గుర్తులను ఏరి, వాటినే ముద్రగా దాచుకుంటాయి.

ఇప్పుడు థియేటర్ వైపు వద్దాం. నాకు ఆశ్చర్యం కలిగించిన సంగతి, న్యాయంగా సినిమా పంపిణీ చేసేవాళ్లు కూడా దొంగలు చేరిన చోటుకే స్వతంత్రంగా చేరుకోవడం. థియేటర్‌కు పంపే డిజిటల్ సినిమా ప్యాకేజీకి అంతర్జాతీయంగా ఒక పేర్ల సంప్రదాయం ఉంది. మాటల మధ్య చుక్కకు బదులు కిందిగీత. సినిమా పేరు తర్వాత పూర్తి సినిమా అయితే "ఎఫ్‌టీఆర్", ట్రైలర్ అయితే "టీఎల్ఆర్", వెడల్పు తెరదైతే "ఎస్", తెలుగుకు "టీఈ", భారతదేశానికి "ఐఎన్", శబ్దానికి "51", స్పష్టతకు "2కే", ఆపైన స్టూడియో గుర్తు, సంవత్సరం-నెల-రోజు వరసలో తేదీ. ప్రొజెక్టర్ గదిలో మనిషికి పొద్దున పదకొండు గంటల ఆట ముందు కావాల్సింది కూడా అదే, తెరవకుండానే లోపలేముందో తెలియడం. అయితే ఆ ప్యాకేజీలో యంత్రం ఈ పేరును నమ్మదు. లోపల ప్రతి భాగానికీ 128 బిట్ల గుర్తింపు సంఖ్య, దాంతోపాటు హ్యాష్ ఉంటాయి. మనిషికి పేరు, యంత్రానికి సంఖ్య.

ఆ సినిమా తాళంవేసి వస్తుంది. ఏ థియేటర్ సర్వర్‌లో, ఏ రోజు నుంచి ఏ రోజు దాకా ఆడొచ్చో నిర్ణయించే తాళంచెవి విడిగా వస్తుంది. తాళం తీశాక తెర మీద పడే బొమ్మను ఎవరో ఫోనుతో పడితే? 2005లో హాలీవుడ్ స్టూడియోలు కలిసి రూపొందించిన డీసీఐ ప్రమాణం దీనికో ఉపాయం చెప్పింది. బొమ్మ తెర మీదికి వెళ్లే క్షణంలో, కంటికి ఆనని ముద్ర అందులో కలుస్తుంది. ఆ ముద్ర కనీసం 35 బిట్లు. అందులో 16 బిట్లు సమయానికి, 19 బిట్లు చోటుకు.

ఈ లెక్క కాస్త దగ్గరగా చూడదగినది. సమయాన్ని పావుగంటకోసారి గుర్తిస్తే చాలనుకున్నారు. గంటకు నాలుగు, రోజుకు 96, లీపు సంవత్సరం 366 రోజులకు 35,136 గుర్తులు కావాలి. 15 బిట్లతో 32,768 మాత్రమే వస్తాయి, చాలవు. 16 బిట్లతో 65,536 వస్తాయి, సరిపోతాయి. చోటు కోసం కేటాయించిన 19 బిట్లతో 5,24,288 సర్వర్లకు విడివిడి నంబర్లు ఇవ్వొచ్చు. సినిమాలో ప్రతి అయిదు నిమిషాల భాగంలోనూ ఈ ముద్ర మొత్తం ఉండాలని, దొరికిన దొంగ కాపీ అరగంట నిడివి ఉంటే దాన్ని అందులోంచి బయటకు తీయగలగాలని నియమం. ఫోను కెమెరా వణికినా, తెర వంకరగా పడినా, దాన్ని 700 మెగాబైట్లకు నలిపేసినా ముద్ర బతకాలి. ఎక్కువ సమాచారం దాచబోతే అది త్వరగా చెరిగిపోతుంది, అందుకే అంత పొదుపు. మన దేశంలో అన్ని థియేటర్లూ డీసీఐ ప్రకారమే నడవవు. సొంత పద్ధతిలో సినిమా పంపే కంపెనీలున్నాయి, వాటి ముద్రలు వాటికున్నాయి.

"బాహుబలి-2" 2017 ఏప్రిల్ 28న విడుదలైంది. మే నెలలో కొందరు నిర్మాతలకు ఫోను చేసి, సినిమా నకలు తమ దగ్గరుందని, డబ్బివ్వకపోతే ఇంటర్నెట్‌లో పెడతామని బెదిరించారు. హైదరాబాద్ పోలీసులు ముఠాను పట్టుకున్నారు. ఆ నకలు బిహార్‌లో ఒక థియేటర్ నుంచి వచ్చిందని తేలింది. ఫైలుకు వాళ్లు ఏ పేరు పెట్టుకున్నా, అది ఏ తెర నుంచి పోయిందో చెప్పే గుర్తు దాని లోపలే ఉంది.

ఉప్పల్ రోడ్డు పాఠం

పదార్థమే సాక్ష్యం చెప్పడమన్నది ఉప్పల్ రోడ్డుకు పాత విద్య. 1984లో ఇంగ్లండ్‌లో అలెక్ జెఫ్రీస్ డీఎన్‌ఏ వేలిముద్రలను కనుక్కున్నాడు. ఆ దశకం చివర్లోనే సీసీఎంబీలో లాల్జీ సింగ్ బృందం సొంత పద్ధతిలో ఆ పని సాధించింది. వాళ్ల సాధనానికి మూలం కట్లపాము జాతికి చెందిన ఒక పాము డీఎన్‌ఏలోని పదేపదే తిరిగివచ్చే వరస. కేరళలో ఒక పితృత్వ వివాదంతో మొదలై, ఆ విద్య దేశంలోని కోర్టులకెక్కింది. తర్వాత దీనికోసం సీడీఎఫ్‌డీ ఏర్పడింది.

ఇప్పటి పద్ధతిలో మనిషి డీఎన్‌ఏలోని 300 కోట్ల అక్షరాలనూ చదవరు. ఇరవై చిల్లర చోట్ల, చిన్న చిన్న అక్షరాల వరస ఎన్నిసార్లు తిరిగివచ్చిందో లెక్కబెడతారు. ఆ అంకెల జాబితా ఒక్కో మనిషికి ఒక్కోలా ఉంటుంది, ఏకరూప కవలల విషయంలో తప్ప. వందల గిగాబైట్ల సినిమాలో 35 బిట్లు చాలినట్టే, ఇక్కడా కొద్ది గుర్తులే సరిపోతాయి.

అయితే ఆ ప్రయోగశాలలో నమూనా సీసా మీద అంటించే చీటీకి ఎంత విలువ ఉంటుందో గమనించండి. కేసు నంబరు, పోలీస్ స్టేషన్, తేదీ, ఎవరి చేతిలోంచి ఎవరి చేతికొచ్చింది, సీలు చెక్కుచెదరలేదని సంతకం. యంత్రం రెండు నమూనాలు ఒకే మనిషివని చెప్పగలదు. ఆ మనిషి ఎవరన్నది చీటీ చెప్పాలి. చీటీలు తారుమారైతే ఎంత నిక్కచ్చి డీఎన్‌ఏ ఫలితమైనా ఒక నిర్దోషి మెడకు చుట్టుకుంటుంది. హ్యాష్ దగ్గర మనం చూసిన పరిమితే ఇది. ముద్ర "రెండూ ఒకటే" అనగలదు, "ఇది ఫలానాది" అనలేదు. ఆ రెండో మాట ఎప్పుడూ మనిషి రాయాల్సిందే, ఇంకొక మనిషి నమ్మాల్సిందే.

పైరసీ మీద చట్టం ఇప్పుడు బలంగానే ఉంది. 2023లో సవరించిన సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం థియేటర్‌లో అనుమతి లేకుండా రికార్డు చేసినా, ఆ కాపీని ప్రదర్శించినా కనీసం మూడు నెలల నుంచి మూడేళ్ల దాకా జైలు, మూడు లక్షల రూపాయల నుంచి సినిమా నిర్మాణ వ్యయంలో 5 శాతం దాకా జరిమానా. దొంగల సంగతి చట్టం చూసుకోనివ్వండి. నన్ను కలవరపెట్టేది మన సొంత ఫైళ్ల గతి. దొంగ కాపీకి ఉన్నంత పద్ధతైన పేరు మన ఇళ్లలోని పెళ్లి వీడియోకు లేదు, నాటక సమాజాల రికార్డింగులకు లేదు, చిన్న స్టూడియోల హార్డ్ డిస్కుల్లో పడి ఉన్న ఇంటర్వ్యూలకు లేదు. "ఫైనల్", "ఫైనల్2", "కొత్త ఫైనల్" అన్న పేర్లతో అవి పేరుకుపోతున్నాయి. పదేళ్ల తర్వాత తెరవబోయేవాళ్లకు అవి ఏవీఎస్‌ఈక్యూ01తో సమానం.

కాబట్టి పాఠకులకు నా విన్నపం. ఈ వారం ఒక గంట కేటాయించి మీ ఫోనులో, కంప్యూటర్‌లో విలువైనవాటికి పేర్లు పెట్టండి. ముందు సంవత్సరం, నెల, రోజు, ఆ వరసలోనే రాయండి. అలా రాస్తే యంత్రం వాటిని దానంతట అదే కాలక్రమంలో సర్దుతుంది. తర్వాత ఊరు, సందర్భం, మనిషి. వరస నంబరు ఒకటి అనకుండా 01 అనండి, భాగాలు వంద దాటేలా ఉంటే 001 అనండి. లేకపోతే చాలా యంత్రాల్లో 10 వెళ్లి 2 కన్నా ముందు కూర్చుంటుంది. "20240512_నాచారం_అమ్మమ్మ-మాటలు_01" అని రాస్తే చాలు, దానికి ప్రమాణాల పుస్తకం అక్కర్లేదు. ఆ గొంతు మీ అమ్మమ్మదని ఏ హ్యాషూ ఏ ప్రయోగశాలా వాటంతట అవి చెప్పలేవు. తెలిసిన మీరు ఉండగానే ఆ పేరు రాయండి.